తాలింఖానా నుంచి ట్రెడ్‌మిల్ దాకా

పోయిన రంజాన్ అయిపోయిన వారానికి అమ్మీని డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లాను. పరగడుపున చేసిన పరీక్షలో షుగర్ 260 ఉంది. డాక్టర్ గారు మందులు మార్చి, చీటీ కింద పెద్ద అక్షరాలతో ఒక ముక్క రాశారు: రోజూ 45 నిమిషాలు నడక. ఆటోలో తిరిగొస్తూ అమ్మీ ఆ చీటీని మడిచి సంచీలో పెట్టుకుని, "చల్‌నా బోలే, కహాఁ చల్‌నా కీ నై బోలే" అంది. నడవమన్నారు గానీ ఎక్కడ నడవాలో చెప్పలేదని.

నేను నవ్వేశాను. ఇంటికొచ్చి ఆలోచిస్తే అది నవ్వాల్సిన మాట కాదనిపించింది. మాది కర్నూలు పాతబస్తీ. మా గలీలో రెండు బైకులు ఎదురుపడితే మూడో మనిషి గోడకి అతుక్కోవాలి. మైదాన్‌లో పొద్దున్నుంచి మగపిల్లల క్రికెట్. లేడీస్ బ్యాచ్ ఉందంటే ఒక జిమ్‌కి వెళ్లి అడిగాను. ఏడాది డబ్బు, 14 వేలు, ఒకేసారి కట్టమన్నారు. ఆడవాళ్ల టైం పొద్దున పదకొండు నుంచి ఒంటిగంట దాకా. అది ఇంట్లో వంట వేళ. ట్రైనర్ చూస్తే అబ్బాయే. అమ్మీతో ఈ సంగతి చెబితే, "తుమారే అబ్బా తో ముఫ్త్‌మేఁ జాతే థే" అంది. మీ అబ్బా ఉత్తపుణ్యానికే వెళ్లేవాడు కదా అని.

నిజమే. అబ్బా మర్హూమ్ కుర్రతనంలో తాలింఖానాకి పోయేవాడు. అక్కడినుంచి ఈ 14 వేల రసీదు దాకా మన ముల్క్‌లో కస్రత్ ఏ దారిన నడిచొచ్చిందో రాసుకుందామని కూర్చున్నాను. అమ్మీ అడిగిన సవాల్‌కి జవాబు ఆ దారిలోనే ఎక్కడో ఉంటుందని నా ఆశ.

ముందు మాటల సంగతి చూద్దాం. తెలుగువాళ్లందరూ వాడే కసరత్తు మన కస్రతే. అరబీలో దానికి అసలు అర్థం ఎక్కువ కావడం, మళ్లీ మళ్లీ జరగడం. కుస్తీ, పహిల్వాన్ ఫార్సీ నుంచి వచ్చాయి. వస్తాదు మన ఉస్తాద్. దండ్, బైఠక్ అని మనం అనేవే తెలుగులో దండీలు, బస్కీలు అయ్యాయి. తాలింఖానా మన తాలీంఖానా. తాలీం అంటే చదువు. మదర్సాలో బిడ్డ నేర్చుకునేదీ తాలీమే, గోదాలో మట్టి పూసుకుని నేర్చుకునేదీ తాలీమే. తెలుగుకి సాము, గరిడీ అనే సొంత మాటలు ముందునుంచీ ఉన్నాయి. అయినా ఈ మాటలూ ఆ మాటలూ ఒకే ఊళ్లో పక్కపక్కనే బతికాయి. కోనసీమలో అమలాపురం వాళ్లు దసరాకి వీధుల్లో కర్రలూ కత్తులూ తిప్పుతూ చేసే ప్రదర్శనని ఇవాళ్టికీ చెడీ తాలింఖానా అనే పిలుస్తారు. పండగ వాళ్లది, పేరు మనది. దాన్ని తీసేయాలని అక్కడెవరికీ తోచలేదు.

అబ్బా చెప్పిన తాలింఖానా ఇలా ఉండేది. పెంకుటింటి వెనక ఒక పెద్ద గది. మధ్యలో గోదా. ఎర్రమట్టి జల్లెడ పట్టి, అందులో నూనె, పసుపు, మజ్జిగ కలిపి పోసేవాళ్లు. గోడవారన జోడీలు, గదలు, లేజిం, రాతి గుండ్లు. ఫజర్ నమాజ్ అయ్యాక కుర్రాళ్లు వచ్చి, ముందు పార పట్టి మట్టి తిరగేసేవాళ్లు. అదే మొదటి కస్రత్. తర్వాత దండీలు, బస్కీలు, ఆ తర్వాతే కుస్తీ. వాళ్లలో చాకలి, బోయ, కురుబ పిల్లలూ ఉండేవాళ్లు. గోదాలోకి దిగే ముందు అందరూ మట్టిని ముట్టుకుని నుదుటికి పెట్టుకునేవాళ్లట. ఫీజు లేదు. వస్తాదుకి నీళ్లు తోడడం, కాళ్లు పట్టడం, పండగకి ఒక కొత్త బట్ట, అంతే.

ఫీజు లేకపోతే ఖర్చు ఎవరు భరించేవాళ్లు? ఇక్కడే అసలు తారీఖ్ మొదలవుతుంది. చిన్న ఊళ్లలో సేట్లు, భూస్వాములు. పెద్ద చోట్ల నవాబులు, రాజాలు. పహిల్వాన్‌ని పోషించడం దర్బారుకి ఒక షాన్. దీనికి గామా పహిల్వాన్ కథ ఒక్కటి చాలు. అసలు పేరు గులాం మొహమ్మద్ బక్ష్. 1878లో పంజాబ్‌లో పుట్టాడు. పదేళ్ల పిల్లాడిగా జోధ్‌పూర్‌లో జరిగిన బైఠక్‌ల పోటీలో పెద్దపెద్ద పహిల్వాన్ల మధ్య నిలబడ్డాడు. అతని పోషణ, శిక్షణ దతియా రాజా చూసుకున్నాడు. 1910లో లండన్ వెళితే, ఎత్తు చాలదని పోటీలోకి రానివ్వలేదు. అరగంటలో ఏ ముగ్గురినైనా పడేస్తానని అతను సవాల్ విసిరాడు. అమెరికా పహిల్వాన్ రోలర్‌ని ఓడించాడు. సెప్టెంబర్ 10న పోలండ్‌కి చెందిన జబిస్కోతో కుస్తీ రెండున్నర గంటలకు పైగా సాగినా తేలలేదు. వారం తర్వాత మళ్లీ పట్టాల్సి ఉంటే జబిస్కో రానేలేదు, పట్టం గామాకే దక్కింది. 1928లో పటియాలా మహారాజా వాళ్లిద్దరినీ మళ్లీ తలపడేలా చేస్తే ఆ కుస్తీ ఒక్క నిమిషం కూడా నడవలేదు. గామా గెలిచాడు.

ఆ రోజుల్లో కండ అంటే ఒక్క కండే కాదు. ఇక్కడివాళ్లు బలహీనులు, అందుకే మేం ఏలుతున్నాం అని అంగ్రేజ్‌లు అనేవాళ్లు. ఆ మాటకి జవాబుగా వ్యాయామశాలలు పుట్టాయి. 1902లో కలకత్తాలో మొదలైన అనుశీలన్ సమితి పైకి కస్రత్ చేసుకునే కూటమి, లోపల ఇన్‌ఖిలాబ్. 1914లో మహారాష్ట్రలోని అమరావతిలో హనుమాన్ వ్యాయామ ప్రసారక మండలి వచ్చింది. మన శ్రీకాకుళం వైపు వీరఘట్టంలో పుట్టిన కోడి రామ్మూర్తి నాయుడు విజయనగరంలో డ్రిల్ మాస్టారుగా పనిచేసి, తర్వాత సర్కస్ పెట్టి, ఛాతీ మీద ఏనుగుని నిలబెట్టుకుని, ఇనప గొలుసులు తెంచి దేశమంతా పేరు తెచ్చుకున్నాడు. ఏనుగుని మోసిన ఆ ఛాతీని చూస్తే బలహీనులన్న మాట జనానికి అబద్ధంగా కనిపించేది.

అంగ్రేజ్‌లు కూడా ఇక్కడినుంచి పట్టుకెళ్లిందేమీ తక్కువ కాదు. మన జోడీలు, ముగ్దర్లు ఫౌజీ అఫ్సర్లకి నచ్చి, ఇండియన్ క్లబ్స్ అన్న పేరుతో ఐరోపా, అమెరికా చేరాయి. 1904లోనూ 1932లోనూ ఒలింపిక్స్‌లో వాటిని తిప్పడం ఒక పోటీ. మరోవైపు, 1905 ప్రాంతంలో జర్మనీకి చెందిన యూజీన్ శాండో ఇక్కడికొచ్చి ఊరూరా కండలు ప్రదర్శించాడు. డంబెల్స్ అనేవి అప్పుడే ఇళ్లలోకి వచ్చాయి. 1920లో హ్యారీ బక్ అనే అమెరికన్ మద్రాసు వైఎంసీఏలో వ్యాయామ ఉపాధ్యాయుల కాలేజీ తెరిచాడు. మన స్కూళ్లలో డ్రిల్లు పీరియడ్, విజిల్ వేసే మాస్టారు ఆ చాలులో వచ్చినవే. బెంగళూరులో కె.వి. అయ్యర్ సూర్య నమస్కారాలనీ బార్‌బెల్‌నీ కలిపి ఒక పద్ధతి చేసి, పోస్టులో పాఠాలు పంపేవాడు. కస్రత్ కవర్లో పెట్టి అమ్మడం అక్కడ మొదలైందంటే తప్పు కాదు. 1932లో బొంబాయిలో విష్ణు తల్వల్కర్ జిమ్ తెరిచాడు. ఆ పేరు తర్వాత మళ్లీ వస్తుంది.

1947 తర్వాత రాజ్యాలు దేశంలో కలిసిపోయాయి. దర్బార్లు పోయాయి, వాటితోపాటు పహిల్వాన్ల వజీఫా పోయింది. గామా లాహోర్‌లో ఉండిపోయాడు. రుస్తుం-ఎ-జమాన్ అని పిలిపించుకున్న ఆ మనిషి చివరి రోజులు బీమారీతోనూ తంగీతోనూ గడిచాయి. 1960లో పోయాడు. ఇటువైపు మనోహర్ ఐచ్ కథ చూడండి. అంగ్రేజ్‌ల వాయుసేనలో పనిచేస్తూ ఒక అఫ్సర్‌ని కొట్టినందుకు జైలుకి పోయాడు. జైల్లోనే కండలు పెంచాడు. ఐదడుగులు కూడా లేని మనిషి, 1952లో తన విభాగంలో మిస్టర్ యూనివర్స్ అయ్యాడు. 2016లో 104 ఏళ్ల వయసులో పోయాడు. అంత పేరొచ్చినా బతకడానికి సర్కస్‌ల్లో తిరగాల్సి వచ్చింది. బలం ఉన్నా దాన్ని పోషించే చేయి లేని కాలం అది.

మా ఊళ్లోనూ అదే జరిగింది. అబ్బా పోయిన తాలింఖానా స్థలం వారసుల మధ్య పంచకాలయ్యింది. ఇప్పుడక్కడ సెల్‌ఫోన్ షాపులున్నాయి. వస్తాదు కొడుకులు గల్ఫ్ పోయారు. పహిల్వాన్ అన్న మాట కూడా చెడింది. ఒకప్పుడు ఆ మాటలో అదబ్ ఉండేది. విరిగిన ఎముకలు కట్టే హునర్ ఉన్నవాడికీ అదే పేరు. రానురాను స్థలాలు ఖాళీ చేయించే మనిషన్నా, ఎలక్షన్ ముందు కనిపించే మనిషన్నా పహిల్వానే అయిపోయాడు. ఇల్లు గలవాళ్లు పిల్లల్ని అటు పంపడం మానేశారు. కండల షౌక్ ఉన్న కుర్రాళ్లకి పత్రికల్లో బుల్‌వర్కర్ ప్రకటనలు మిగిలాయి.

1991లో బజారు తలుపులు తెరుచుకున్నాయి. విదేశీ యంత్రాలు వచ్చాయి, కుర్చీలో కూర్చుని చేసే కొలువులు వచ్చాయి, నెల జీతాలు వచ్చాయి. 1998లో సల్మాన్ ఖాన్ చొక్కా లేకుండా గిటార్ పట్టుకుని పాడాక మా మొహల్లా కుర్రాళ్లలో సగం మంది అద్దం ముందే ఉన్నారు. 2007లో దేశముదురులో అల్లు అర్జున్ సిక్స్ ప్యాక్ చూపించాడు, అదే ఏడాది ఓం శాంతి ఓంలో షారుఖ్ చూపించాడు. తాలింఖానాలో బలం ఎదుటివాడి పట్టులో తెలిసేది, ఇక్కడ ఫొటోలో తెలియాలి. 2002లో అమెరికా పేరు గోల్డ్స్ జిమ్ మన దేశంలో అడుగుపెట్టింది. తల్వల్కర్స్ ఊరూరా శాఖలు తెరిచి 2010లో షేర్ మార్కెట్‌కి వెళ్లింది. 2016లో బెంగళూరులో క్యూర్‌ఫిట్ మొదలై, ఫోన్‌లో బుక్ చేసుకునే కస్రత్ తెచ్చింది. పొడి డబ్బాల దుకాణాలు, పర్సనల్ ట్రైనర్లు, చేతికి కట్టుకునే అడుగుల లెక్క, అన్నీ ఆ వెనకే వచ్చాయి.

అది నిలకడైన తిజారత్ కాదు. తల్వల్కర్స్ 2019లో అప్పులు కట్టలేక కుప్పకూలింది. ఆ మరుసటి ఏడాది కరోనా. మార్చిలో మూసిన జిమ్ములకి ఆగస్టు 5న గానీ మళ్లీ తెరిచే ఇజాజత్ దొరకలేదు. ఆ నెలల్లో అద్దెలు కట్టలేక మూతపడ్డ చిన్న జిమ్ములెన్నో. సర్కార్ కూడా దీన్ని షౌక్ వ్యాపారంగానే చూసింది. 2017లో జీఎస్టీ వచ్చినప్పుడు జిమ్ ఫీజు మీద 18 శాతం పన్ను పడింది. దాన్ని 5 శాతానికి తగ్గించింది 2025 సెప్టెంబర్‌లో. ఈ మధ్యలోనే 2015 నుంచి యోగా దినం, 2019లో ఫిట్ ఇండియా ఉద్యమం నడిచాయి. ఒక చేత్తో కస్రత్ చేయమంటూ రెండో చేత్తో పన్ను వసూలు చేయడం మన దగ్గరే చూశాను.

ఇంత జరిగింది కదా, ముల్క్ తందురుస్తీ పెరిగి ఉండాలి. 2024లో లాన్సెట్ గ్లోబల్ హెల్త్ పత్రికలో వచ్చిన లెక్కలు వేరే చెబుతున్నాయి. చాలినంతగా ఒళ్లు కదపని పెద్దవాళ్లు మన దేశంలో 2000లో 22 శాతం. 2010కి 34 శాతం. 2022కి 49 శాతం పైన. జిమ్ములు పెరిగిన ఆ ఇరవై ఏళ్లలోనే కదలనివాళ్లు రెట్టింపు కన్నా ఎక్కువయ్యారు. మగవాళ్లలో 42 శాతం, ఆడవాళ్లలో 57 శాతం. 2023లో వచ్చిన ఐసీఎంఆర్ అధ్యయనం ప్రకారం షుగర్ ఉన్నవాళ్లు దేశంలో 10 కోట్లు దాటారు. మా అమ్మీ అందులో ఒకరు.

ఇదెలా జరిగిందో మా ఇంటినే చూసి చెప్పగలను. దాదీమా ఏనాడూ కస్రత్ చేయలేదు. బావి నుంచి నీళ్లు తోడేది, రోట్లో రుబ్బేది, తిరగలి విసిరేది, కట్టెలు కొట్టేది. ఆమెకి షుగర్ అన్న మాటే తెలియదు. ఆ మెహనత్‌ని నేను పొగడను. నలభైకే నడుం వంగింది, పదకొండు కాన్పుల్లో ఐదుగురు బిడ్డలే దక్కారు. అమ్మీకి మోటారు వచ్చింది, మిక్సీ వచ్చింది, గ్యాస్ వచ్చింది. అల్హమ్దులిల్లాహ్, రావాల్సినవే. కానీ పని ఒంట్లోంచి పోయినప్పుడు దాని జాగాలో ఆమెకి ఇంకేదీ రాలేదు. అబ్బాకి తాలింఖానా పోయినా మార్కెట్‌కి సైకిల్ ఉంది, నది ఒడ్డు ఉంది, మసీదుకి రోజూ ఐదుసార్లు నడక ఉంది. అమ్మీకి నాలుగు గోడలే.

ఇక్కడ నేను నిజం ఒప్పుకోవాలి. ఇంతసేపూ తాలింఖానాని తలుచుకుని మురిసిపోయాను. కులం అడగని ఆ గోదా ఆడదాన్ని గడప కూడా తొక్కనివ్వలేదు. చిన్నప్పుడు అబ్బాకి పాలూ బాదం పట్టుకెళ్లే దాదీమా కూడా బయటే నిలబడి పిలిచేదట. జిమ్ గడప దగ్గర మతం, కులం, ఆడామగా తేడా అని ఎవరూ బోర్డు పెట్టలేదు. డబ్బూ, టైమూ, చుట్టుపక్కల కళ్లూ కలిసి ఆ పని చేస్తున్నాయి. పాత తాలింఖానా మళ్లీ రావాలని అనేవాళ్లతో నాకు పేచీ అక్కడే. అది వస్తే అబ్బాకి వస్తుంది. అమ్మీకి రాదు.

ఈ గడపలు దాటినవాళ్లు లేకపోలేదు. శ్రీకాకుళం పల్లె నుంచి వచ్చిన కరణం మల్లీశ్వరి 2000లో సిడ్నీలో 240 కిలోలు ఎత్తి కాంస్యం తెచ్చింది. ఒలింపిక్ పతకం గెలిచిన మొదటి భారతీయ మహిళ ఆమే. మన నిజామాబాద్ బిడ్డ నిఖత్ జరీన్ 2022లో ఇస్తాంబుల్‌లో, 2023లో ఢిల్లీలో, రెండుసార్లు బాక్సింగ్ ప్రపంచ విజేత అయ్యింది. ఆమె వెనక నిలబడింది వాళ్ల అబ్బా. లోకం ఏమన్నా ఆయన బిడ్డని రింగ్‌కి తీసుకెళ్లాడు. నిఖత్ గెలిచిన రాత్రి మా ఇంట్లో అందరూ టీవీ ముందు చప్పట్లు కొట్టారు. తెల్లారి మా అమ్మాయి స్కూల్లో కబడ్డీ ఆడతానంటే, "లోగాఁ క్యా బోల్తే?" అని మొదట అన్నది నేనే. నా నోటి వెంట ఆ మాట ఎలా వచ్చిందో ఇప్పటికీ షరమ్‌గా ఉంటుంది. ఇప్పుడు ఆడుతోంది. మోచేతులు గీరుకుని వస్తుంది. నేను పసుపు రాస్తాను.

ఇక అమ్మీ సంగతి. మా ఇంటికి నాలుగు గలీల అవతల ఉర్దూ స్కూల్ ఉంది. చుట్టూ ప్రహరీ, లోపల వేపచెట్లు, చదునైన నేల. నేనూ పక్కింటి ఖాలా కలిసి హెడ్‌మాస్టర్ గారి దగ్గరికి వెళ్లాం. పొద్దున ఆరు నుంచి ఏడు దాకా గేటు తీయిస్తే ఆడవాళ్లం నడుచుకుంటామని అడిగాం. ఆయన కాసేపు ఆలోచించి, వాచ్‌మన్ చాయ్ ఖర్చు మీరు చూసుకోండి అన్నారు. మొదటిరోజు ముగ్గురం. కొందరు మగవాళ్లు గేటు దగ్గర నిలబడి ఇదేమిటని అడిగారు. ఖాలా వాళ్లకి తన షుగర్ చీటీ చూపించింది. ఇప్పుడు పద్నాలుగు మందిమి. ఇద్దరు పొరుగు హిందూ ఆంటీలు కూడా వస్తున్నారు. వేసవి సెలవుల్లో గేటు ఎవరు తీస్తారన్నది ఇంకా తేలలేదు. అమ్మీ మూడు నెలల పరీక్ష వచ్చే నెలలో ఉంది.

అమ్మీకి అడుగులు లెక్కపెట్టే గడియారం లేదు. చేతిలో తస్బీహ్ ఉంది. చుట్టుకొక గింజ జరుపుతుంది. నిన్న పన్నెండు గింజలు జరిపింది.

మీ ఇంట్లో కూడా ఎవరికో ఒకరికి డాక్టర్ అదే ముక్క రాసిచ్చి ఉంటారు. ఈసారి చీటీ ఇంటికొచ్చినప్పుడు మందుల షాపుకి వెళ్లేముందు మీ మొహల్లా స్కూల్ గేటు దాకా ఒకసారి వెళ్లి రండి. పొద్దున ఆరింటికి దానికి తాళం ఎందుకుందో అడగండి.